130 డాలర్ల సూపర్‌మ్యాన్: ఒక కామిక్స్ వీరుడి పుట్టుక, పరిణామం



ఈ పాఠాన్ని ఒక బ్యాంకు చెక్కుతో మొదలుపెడదాం. 1938 మార్చి 1వ తేదీన న్యూయార్క్‌లోని డిటెక్టివ్ కామిక్స్ అనే ప్రచురణ సంస్థ ఇద్దరు యువకుల పేర 412 డాలర్లకు ఒక చెక్కు రాసింది. అందులో 130 డాలర్లు 13 పేజీల బొమ్మల కథకు ప్రతిఫలం. అంటే పేజీకి 10 డాలర్లు. మిగతా సొమ్ము అదే సంస్థకు వాళ్లు చేసి ఇచ్చిన ఇతర కథలకు చెందింది. ఈ 130 డాలర్లతో పాటు ఒక కాగితం మీద సంతకాలు కూడా జరిగాయి. ఆ సంతకాలతో ఆ కథలోని నాయకుడి మీద సర్వహక్కులూ శాశ్వతంగా సంస్థపరం అయ్యాయి. ఆ కథానాయకుడే సూపర్‌మ్యాన్.

2012లో ఆ పాత చెక్కును వేలం వేస్తే 1,60,000 డాలర్లు పలికింది. కథానాయకుడికి కట్టిన ధర కంటే ఆ ధర చెల్లించిన కాగితం ముక్క వెయ్యి రెట్లకు పైగా విలువైంది!

సూపర్‌మ్యాన్ పేరు విననివారు మీలో ఉండరు. నీలం దుస్తులు, ఎర్రని అంగవస్త్రం, ఛాతీ మీద ఒక అక్షరం. ఎక్కడో క్రిప్టాన్ అనే గ్రహం పేలిపోతుంటే తల్లిదండ్రులు తమ పసిబిడ్డను రాకెట్‌లో పెట్టి భూమికి పంపారు. ఆ బిడ్డ క్లార్క్ కెంట్ అనే పేరుతో పెరిగి, పత్రికా విలేఖరిగా పనిచేస్తూ, ఆపదలో ఉన్నవారిని రహస్యంగా ఆదుకుంటాడు. కథ ఇంతే. కానీ ఈ చిన్న కథ చుట్టూ రెండు పెద్ద ప్రశ్నలు తిరుగుతున్నాయి. ఒకటి: అతనికి అంత బలం ఎక్కడినుంచి వచ్చింది? రెండు: అసలు అతను ఎవరి సొత్తు? మొదటిది సైన్సుకు సంబంధించిన ప్రశ్న, రెండోది న్యాయానికి సంబంధించిన ప్రశ్న. 1938 నుంచి ఈ రెండింటికీ సమాధానాలు మారుతూనే వచ్చాయి. ఆ మార్పుల చరిత్రే ఈనాటి మన పాఠం.

ఇద్దరు మిత్రులు

జెర్రీ సీగెల్, జో షుస్టర్ ఇద్దరూ 1914లోనే పుట్టారు. సీగెల్ పుట్టింది అమెరికాలోని క్లీవ్‌లాండ్ నగరంలో. షుస్టర్ పుట్టింది కెనడాలోని టొరంటోలో. తరువాత అతని కుటుంబం క్లీవ్‌లాండ్‌కు వలస వచ్చింది. ఇద్దరివీ ఐరోపా నుంచి పొట్టచేత పట్టుకుని వచ్చిన యూదు కుటుంబాలే. గ్లెన్‌విల్ ఉన్నత పాఠశాలలో ఇద్దరికీ స్నేహం కుదిరింది. సీగెల్ రాసేవాడు, షుస్టర్ గీసేవాడు. ఇద్దరూ బిడియస్తులే. ఆటల్లో, అందచందాల్లో తమను ఎవరూ లెక్కచేయరని బాధపడేవారు. చౌకరకం వైజ్ఞానిక కథల పత్రికలంటే ఇద్దరికీ ప్రాణం.

అది ఎలాంటి కాలమో గుర్తుంచుకోవాలి. 1929లో అమెరికా షేర్ల మార్కెట్ కుప్పకూలింది. 1933 నాటికి ఆ దేశంలో పనిచేయగలిగిన ప్రతి నలుగురిలో దాదాపు ఒకరికి పని లేదు. సీగెల్ ఇంట్లో మరో విషాదం కూడా జరిగింది. అతని తండ్రికి బట్టల దుకాణం ఉండేది. 1932 జూన్‌లో ఒక రాత్రి ఆ దుకాణంలో దొంగతనం జరిగినప్పుడు ఆయన గుండె ఆగి మరణించారు. ఆపద వేళకు వచ్చి అడ్డుపడే వీరుణ్ణి ఆ కొడుకు ఊహించుకోవడంలో ఈ దుఃఖం పాలు ఉందని కొందరు చరిత్రకారులు భావిస్తారు. అది నిరూపించగలిగే విషయం కాదు. అయినా పక్కన పెట్టదగిన విషయమూ కాదు.

1933 జనవరిలో ఈ మిత్రులు సొంతంగా అచ్చువేసుకున్న ఒక చిన్న పత్రికలో ‘సూపర్‌మ్యాన్’ అనే మాట తొలిసారి వాడారు. అయితే ఆ సూపర్‌మ్యాన్ వీరుడు కాడు, దుర్మార్గుడు! ఒక శాస్త్రవేత్త ఆకలితో ఉన్న నిరుద్యోగికి రసాయనం ఇస్తాడు. దాంతో అతనికి ఇతరుల మనసులు చదివే శక్తి వస్తుంది. ఆ శక్తితో ప్రపంచాన్ని లొంగదీసుకోవాలని చూస్తాడు. ‘అతిమానవుడు’ అనే భావన జర్మన్ తత్వవేత్త నీషే రచనల ద్వారా, ఆపైన 1903లో అచ్చయిన బెర్నార్డ్ షా నాటకం ద్వారా ఆంగ్ల పాఠకులకు అప్పటికే పరిచయం. ఈ కథ వచ్చిన నెలలోనే జర్మనీలో హిట్లర్ అధికారానికి వచ్చాడు. తమ జాతే శ్రేష్ఠమైనదని, మిగతావారిని తొక్కేయవచ్చని చెప్పే మరో రకం ‘అతిమానవుడు’ అక్కడ బయలుదేరాడు.

సీగెల్, షుస్టర్‌లు ఆ తరువాత తమ ఆలోచనను తలకిందులు చేశారు. అపారమైన బలం ఉన్నవాడు బలహీనుల పక్షాన ఎందుకు నిలబడకూడదు? ఈ ఒక్క మార్పుతో అసలైన సూపర్‌మ్యాన్ పుట్టాడు. కానీ ఆ కథను పట్టుకుని ఏళ్ల తరబడి తిరిగినా దినపత్రికలకు బొమ్మల కథలు సరఫరా చేసే సంస్థలు ఒకదాని తరువాత ఒకటి తిప్పి పంపాయి. చివరకు డిటెక్టివ్ కామిక్స్ సంస్థ కొత్తగా మొదలుపెట్టే పత్రికలో పేజీలు నింపడానికి ఆ కథ కావలసివచ్చింది. 1938 జూన్ సంచికగా, ఏప్రిల్ నెలలోనే, ‘యాక్షన్ కామిక్స్’ మొదటి సంచిక మార్కెట్లోకి వచ్చింది. ముఖచిత్రం మీద సూపర్‌మ్యాన్ ఒక కారును ఎత్తి బండకేసి కొడుతూ ఉంటాడు. వెల 10 సెంట్లు. అంటే సృష్టికర్తలిద్దరికీ కలిపి ముట్టిన 130 డాలర్లు 1,300 ప్రతుల ఖరీదుకు సమానం. అచ్చువేసినవి 2,00,000 ప్రతులు.

చీమ బలం, మిడత ఎగురు

సైన్సు ఉపాధ్యాయుణ్ణి కాబట్టి ఆ సంచిక మొదటి పేజీ నాకు చాలా ఇష్టం. ఎందుకంటే అందులో రచయిత తన వీరుడి బలానికి ‘శాస్త్రీయ కారణం’ చెప్పడానికి ప్రయత్నించాడు. చీమ తన బరువుకు ఎన్నో రెట్లు మోయగలదు, మిడత తన పొడవుకు ఎన్నో రెట్లు దూరం దూకగలదు కదా, క్రిప్టాన్ మనిషి కూడా అలాంటివాడే అన్నది అతని వాదన. చూడడానికి బాగానే ఉంది. మంత్రమో వరమో అనకుండా ప్రకృతిలోంచి ఉదాహరణ తీసుకున్నందుకు మెచ్చుకోవాలి కూడా. కానీ ఆ వాదన నిలుస్తుందా? కాగితం, పెన్సిల్ తీసుకోండి.

ఒక వస్తువు పొడవు, వెడల్పు, ఎత్తు అన్నీ రెట్టింపు చేస్తే దాని వైశాల్యం 4 రెట్లు, ఘనపరిమాణం 8 రెట్లు అవుతాయి. కండరం బలం దాని అడ్డుకోత వైశాల్యం మీద ఆధారపడుతుంది. శరీరం బరువు ఘనపరిమాణం మీద ఆధారపడుతుంది. 5 మిల్లీమీటర్ల చీమను 1.7 మీటర్ల మనిషంత పెంచామనుకోండి. అది 340 రెట్లు పెరిగినట్టు. దాని బలం 340 × 340, అంటే 1,15,600 రెట్లు పెరుగుతుంది. బరువు మాత్రం 340 × 340 × 340, అంటే దాదాపు 3 కోట్ల 93 లక్షల రెట్లు పెరుగుతుంది. చిన్నప్పుడు తన బరువుకు 50 రెట్లు మోసిన చీమ పెద్దయ్యాక తన బరువులో ఏడో వంతు మాత్రమే మోయగలదు. కార్లు ఎత్తడం మాట అటుంచి, లేచి నిలబడనైనా లేదు.

మిడత సంగతీ అంతే. ఎగరడానికి కావలసిన శక్తి శరీరం బరువును బట్టి పెరుగుతుంది. ఆ శక్తిని ఇచ్చే కండరం కూడా అదే నిష్పత్తిలో పెరుగుతుంది. అందువల్ల మనిషంత మిడత కూడా సుమారుగా మామూలు మిడత ఎగిరే ఎత్తే ఎగురుతుంది, పెద్ద భవనాలు దాటదు.

ఈ సూత్రాన్ని గెలీలియో 1638లో అచ్చయిన తన గ్రంథంలోనే వివరించాడు. 1926లో జె.బి.ఎస్. హాల్డేన్ జంతువుల పరిమాణం గురించి రాసిన ఒక ప్రసిద్ధ వ్యాసంలో దీన్నే సామాన్యులకు అర్థమయ్యేలా చెప్పాడు. ఈ హాల్డేన్ 1957లో మన దేశానికి వచ్చి, భారత పౌరసత్వం తీసుకుని, 1964లో భువనేశ్వర్‌లో కన్నుమూశాడు. అంటే సూపర్‌మ్యాన్ పుట్టడానికి పన్నెండేళ్ల ముందే చీమ వాదనకు జవాబు సిద్ధంగా ఉంది!

మరి రెండో కారణం? 1939 నుంచి కథల్లో గురుత్వాకర్షణ ప్రస్తావన వచ్చింది. క్రిప్టాన్ పెద్ద గ్రహం, అక్కడి ఆకర్షణకు అలవాటుపడిన కండరాలకు భూమి మీద పని సులువు అన్నారు. ఇది చీమ వాదన కంటే మెరుగైన ఆలోచన. చంద్రుడి మీద వ్యోమగాములు గెంతులు వేయడం తరువాతి తరాలు టీవీలో చూశాయి కదా. దీన్ని కూడా లెక్కవేద్దాం. తొలి కథ ప్రకారం సూపర్‌మ్యాన్ ఒక్క గెంతుకు మైలులో ఎనిమిదో వంతు, అంటే సుమారు 200 మీటర్లు వెళ్లగలడు. అది ఎత్తే అనుకుంటే, నేల విడిచేటప్పుడు అతని వేగం సెకనుకు దాదాపు 63 మీటర్లు, గంటకు 225 కిలోమీటర్లు ఉండాలి. సామాన్య మానవుడు అర మీటరు ఎగురుతాడు. 200 మీటర్లంటే దానికి 400 రెట్లు. కాబట్టి తన గ్రహం మీద మనలాగే అర మీటరు మాత్రమే ఎగిరే క్రిప్టాన్ వాసి ఇక్కడ 200 మీటర్లు ఎగరాలంటే, ఆ గ్రహం ఆకర్షణ భూమి ఆకర్షణకు 400 రెట్లు ఉండాలి. సాక్షాత్తు సూర్యుడి ఉపరితలం మీదే అది 28 రెట్లు మాత్రమే! మట్టి, నీరు, ఇళ్లు ఉన్న ఏ గ్రహమూ అలా ఉండదు.

లెక్క తప్పిందని కథను పారేయమని నా ఉద్దేశం కాదు. తప్పు కారణం కూడా మంచి పాఠం చెబుతుంది. పిల్లలు కాగితం తీసుకుని లెక్కవేసేలా చేసిన ఊహ వృథా పోదు.

ఎవరి పక్షం?

తొలి సూపర్‌మ్యాన్ ఎగరలేడు, గెంతుతాడు. లోకాన్ని మింగే రాక్షసులతో పోరాడడు. మరి ఎవరితో పోరాడాడు? మొదటి సంచికలోనే అన్యాయంగా మరణశిక్షకు గురికాబోతున్న స్త్రీని కాపాడతాడు. భార్యను కొట్టే మగవాణ్ణి నిలదీస్తాడు. లంచగొండి రాజకీయాన్ని వెంటాడతాడు. మూడో సంచికలో గని యజమానినీ అతని విలాసవంతులైన మిత్రులనూ ప్రమాదకరమైన ఆ గనిలోనే చిక్కుకునేలా చేసి, కార్మికుల భద్రత అంటే ఏమిటో అనుభవంతో నేర్పిస్తాడు. 1939 జనవరి సంచికలో మురికివాడను కూల్చేస్తాడు, ప్రభుత్వం అక్కడ మంచి ఇళ్లు కట్టక తప్పని పరిస్థితి తెస్తాడు. ఆర్థిక మాంద్యంలో నలిగిన ఇద్దరు పేద యువకుల కోపం ఆ కథల్లో సూటిగా కనిపిస్తుంది.

ప్రజాదరణ ఊహించనంత వేగంగా వచ్చింది. 1939 జనవరిలో దినపత్రికల్లో రోజువారీ బొమ్మల కథ మొదలైంది. అదే ఏడాది సూపర్‌మ్యాన్ పేరుతో ప్రత్యేక పత్రిక వచ్చింది. 1940 ఫిబ్రవరిలో రేడియో ధారావాహిక, 1941లో కార్టూన్ చిత్రాలు వచ్చాయి. ఇక్కడ ఒక విషయం గమనించండి. ప్రతి మాధ్యమమూ వీరుడికి కొత్తగా ఏదో ఒకటి చేర్చింది. రేడియోలో బొమ్మ లేదు కాబట్టి మాటలాడుకోవడానికి కొత్త పాత్రలు కావాలి. యువ సహచరుడు జిమ్మీ ఆల్సెన్, సంపాదకుడు పెర్రీ వైట్ అనే పేర్లు అక్కడే స్థిరపడ్డాయి. సూపర్‌మ్యాన్‌ను నీరసపరిచే క్రిప్టనైట్ అనే ఖనిజం 1943లో రేడియోలోనే తొలిసారి వినిపించింది. కార్టూన్ చిత్రంలో మాటిమాటికీ గెంతితే చూడడానికి బాగుండదు, అందుకని అతను గాలిలో తేలిపోవడం మొదలుపెట్టాడు. ఈనాడు మనం సూపర్‌మ్యాన్ సహజ లక్షణాలు అనుకునేవి చాలావరకు ఇలా ఇతరుల చేతుల్లో చేరినవే.

యుద్ధం, ద్వేషం, పరమాణువు

1940 ఫిబ్రవరిలో ఒక అమెరికన్ పత్రిక కోసం సీగెల్, షుస్టర్‌లు రెండు పేజీల కథ చేశారు. అందులో సూపర్‌మ్యాన్ హిట్లర్‌నూ స్టాలిన్‌నూ మెడపట్టి తీసుకెళ్లి నానాజాతి సమితి ముందు నిలబెడతాడు. కొన్ని వారాల్లోనే నాజీల ఎస్.ఎస్. దళాల వారపత్రిక సీగెల్‌ను అతని యూదు పుట్టుక పేరుతో దూషిస్తూ రాసింది. ఒక బొమ్మల కథకు అంత పెద్ద రాజ్యం ఉలిక్కిపడిందంటే ఆ వీరుడి పలుకుబడి ఎంతటిదో ఊహించండి.

అయితే చరిత్రను ఒకవైపే చూడకూడదు. అమెరికా యుద్ధంలోకి దిగాక అదే సూపర్‌మ్యాన్ ముఖచిత్రాల మీద జపాన్ ప్రజలను జాతి పేరుతో హేళన చేసే ప్రచారం జరిగింది. యుద్ధం ముగిశాక, 1946 వేసవిలో, రేడియో ధారావాహిక దీనికి సరిగ్గా వ్యతిరేకమైన పని చేసింది. ఒక చైనా సంతతి కుటుంబాన్ని వేధించే ముసుగుల ముఠాను సూపర్‌మ్యాన్ 16 భాగాలలో ఎదిరించాడు. ఆ ముఠా కూ క్లక్స్ క్లాన్ అనే జాతివిద్వేష సంస్థకు నకలని శ్రోతలందరికీ తెలుసు. అదే వీరుడు ఒకసారి ద్వేషానికి పనిముట్టు అయ్యాడు, మరోసారి దానికి మందు అయ్యాడు. వీరుడికి సొంత విలువలు ఉండవు, అతన్ని నడిపించేవారి విలువలే అతని విలువలు అని దీన్నిబట్టి తెలుస్తుంది.

సైన్సు విద్యార్థులకు ఆసక్తి కలిగించే సంఘటన 1945 ఏప్రిల్‌లో జరిగింది. దినపత్రికల కథలో ఒక ప్రొఫెసర్ సూపర్‌మ్యాన్‌ను సైక్లోట్రాన్ యంత్రం ముందు నిలబెట్టి, వేగవంతమైన కణాలతో పరీక్షించే ఘట్టం వచ్చింది. అది చూసి అమెరికా రక్షణ అధికారులు కలవరపడ్డారు. ఆ కథను ఆపేయమని అడిగారు. ఎందుకు? ఆ సమయంలో అణుబాంబు తయారీ పరమ రహస్యంగా సాగుతోంది. సైక్లోట్రాన్ గురించి శాస్త్ర పత్రికల్లో ఎప్పుడో వచ్చింది, దాన్ని కనిపెట్టిన లారెన్స్‌కు 1939లోనే నోబెల్ బహుమతి ఇచ్చారు. కథా రచయితకు రహస్యమేదీ తెలియదు. అయినా పరమాణువు అనే మాట జనం నోళ్లలో నానకూడదని వాళ్ల భయం. నాలుగు నెలల తరువాత, ఆగస్టు 6న, హిరోషిమా మీద బాంబు పడింది. బొమ్మల కథలో సూపర్‌మ్యాన్ ఛాతీ విరుచుకుని తట్టుకున్న పరమాణు శక్తిని ఆ నగరంలోని మనుషులు తట్టుకోలేకపోయారు.

యుద్ధానంతరం అంతరిక్షం మీద ఆసక్తి పెరిగింది. 1957లో స్పుత్నిక్ ఎగిరింది. ఆ వాతావరణంలోనే సూపర్‌మ్యాన్ బలానికి మూడో కారణం పుట్టింది. 1960లో వచ్చిన కథ ప్రకారం క్రిప్టాన్‌కు ఎర్రని సూర్యుడు, భూమికి పసుపుపచ్చని సూర్యుడు. మన సూర్యకాంతే అతని బలానికి మూలం. ఇదీ చిన్న లెక్కే. ఎండలో నిలబడిన మనిషి ఒంటిమీద సుమారు 700 వాట్ల శక్తి పడుతుందనుకుందాం. అందులో రవ్వంత కూడా వృథా కాకపోతే, 1,500 కిలోల కారును 2 మీటర్లు ఎత్తడానికి 42 సెకన్ల ఎండ చాలు. ఫరవాలేదు! కానీ 1,000 టన్నుల రైలును 10 మీటర్లు ఎత్తాలంటే ఏకబిగిన 39 గంటల ఎండ కావాలి. మధ్యలో రాత్రి రాకూడదు.

చీమ, గురుత్వం, సూర్యకాంతి: మూడు తరాల పాఠకులకు మూడు కారణాలు. ఏ తరం ఏ సైన్సును చూసి అబ్బురపడిందో ఆ సైన్సునే కథ అరువు తెచ్చుకుంది.

సంతకం తరువాత

ఇప్పుడు రెండో ప్రశ్నకు వద్దాం. సీగెల్, షుస్టర్‌లకు మొదట్లో అంతా నష్టమే జరిగిందనడం సరికాదు. కొత్త కథలు చేసినందుకు పేజీల లెక్కన కొన్నేళ్లు మంచి ఆదాయమే వచ్చింది. అందరూ తిరస్కరించిన కథను అచ్చువేసిన సాహసం ప్రచురణకర్తది. హక్కులన్నీ సంస్థకే రాయించుకోవడం ఆనాటి వ్యాపార ఆనవాయితీ. కానీ రేడియో, సినిమా, బొమ్మలు, ఆటవస్తువుల ద్వారా సూపర్‌మ్యాన్ సంపాదించినదానికీ సృష్టికర్తలకు ముట్టినదానికీ మధ్య దూరం ఏటేటా పెరిగింది. సీగెల్ సైన్యంలో ఉండగా అతని ఆలోచన అయిన ‘సూపర్‌బాయ్’ను అతని ప్రమేయం లేకుండానే సంస్థ ప్రచురించింది.

1947లో ఇద్దరూ కోర్టుకు వెళ్లారు. 1948లో సుమారు 94,000 డాలర్లకు రాజీ కుదిరింది. సూపర్‌మ్యాన్ మీద తమకు హక్కు లేదని వాళ్లు ఒప్పుకోవలసి వచ్చింది. పని పోయింది. కథల మీద నుంచి పేర్లు కూడా పోయాయి. అన్నిటికంటే పెద్ద దెబ్బ ఈ చివరిదే. తమ పేరు లేని తమ కథను ఇద్దరూ పాతికేళ్లకు పైగా దుకాణాల్లో చూస్తూ బతికారు. అన్యాయాన్ని చిటికెలో సరిచేసే వీరుణ్ణి కన్నవారికి తమ విషయంలో మాత్రం ఏ వీరుడూ రాలేదు.

1975 నాటికి సీగెల్ లాస్ ఏంజెలెస్‌లో టైపు గుమాస్తాగా పనిచేస్తున్నాడు. ఆ ఊహకు రూపం ఇచ్చిన షుస్టర్‌కు చూపు దాదాపు పోయింది. న్యూయార్క్‌లో తమ్ముడి పంచన ఉన్నాడు. సూపర్‌మ్యాన్ మీద భారీ చలనచిత్రం తీయబోతున్నారన్న వార్త విని సీగెల్ తమ గోడు చెప్పుకుంటూ పత్రికలకు లేఖ రాశాడు. నీల్ ఆడమ్స్, జెర్రీ రాబిన్సన్ అనే తోటి చిత్రకారులు ఈ విషయాన్ని భుజాన వేసుకున్నారు. పత్రికలు, టీవీ, చిత్రకారుల సంఘాలు గొంతు కలిపాయి. 1975 డిసెంబరులో వార్నర్ సంస్థ ఇద్దరికీ ఏడాదికి 20,000 డాలర్ల చొప్పున జీవితాంతం భృతి ఇవ్వడానికి ఒప్పుకుంది. ‘సృష్టికర్తలు జెర్రీ సీగెల్, జో షుస్టర్’ అనే మాట తిరిగి కథల మీదికి వచ్చింది. 1978లో విడుదలైన చిత్రంలో కూడా ఆ పేర్లు కనిపించాయి. చట్టం ఇవ్వలేనిది తోటి కళాకారుల సంఘీభావం ఇప్పించింది.

షుస్టర్ 1992లో, సీగెల్ 1996లో మరణించారు. ఆ తరువాత వారసులు మళ్లీ కోర్టులకు వెళ్లారు. 2008లో సీగెల్ కుటుంబానికి కొంత అనుకూలంగా తీర్పు వచ్చినా, 2013లో పైకోర్టు సంస్థ వైపే తీర్పు ఇచ్చింది. అమెరికా చట్టం ప్రకారం 1938 నాటి తొలి కథ మీద కాపీరైటు 2034 జనవరి 1న ముగుస్తుంది. అప్పుడు ఆ తొలి సూపర్‌మ్యాన్, ఎగరలేని ఆ పేదల సూపర్‌మ్యాన్, అక్కడ అందరివాడూ అవుతాడు.

మారిన శత్రువులు, మన వీరులు

1986లో జాన్ బర్న్ అనే రచయిత, చిత్రకారుడు సూపర్‌మ్యాన్ కథను మొదటినుంచి తిరిగి చెప్పాడు. గ్రహాలను తోసేసేంతగా పెరిగిపోయిన బలాన్ని తగ్గించాడు. అంతకంటే ముఖ్యమైన మార్పు శత్రువులో వచ్చింది. 1940 నుంచి లెక్స్ లూథర్ అంటే పిచ్చి శాస్త్రవేత్త. ఈ కొత్త కథలో అతను నగరాన్నే గుప్పిట పెట్టుకున్న కోటీశ్వరుడైన వ్యాపారి. జనం భయం ప్రయోగశాల నుంచి వ్యాపార సామ్రాజ్యం మీదికి మళ్లిందని దీన్ని చూసి అర్థం చేసుకోవచ్చు. 1992 నవంబరులో సూపర్‌మ్యాన్ మరణించిన సంచిక లక్షల సంఖ్యలో అమ్ముడైంది. కొన్ని నెలల్లోనే మళ్లీ బతికించారు. 2025 జూలైలో జేమ్స్ గన్ దర్శకత్వంలో మరో చిత్రం వచ్చింది.

మన దేశంలోనూ ఈ వీరుడికి ప్రతిధ్వనులు ఉన్నాయి. 1978 నాటి ఆంగ్ల చిత్రం తరువాత, 1980లో వి. మధుసూదనరావు దర్శకత్వంలో ఎన్.టి. రామారావు కథానాయకుడిగా ‘సూపర్‌మేన్’ అనే తెలుగు చిత్రం వచ్చింది. అందులో బలానికి మూలం క్రిప్టాన్ కాదు, ఆంజనేయుడి అనుగ్రహం. 1997లో దూరదర్శన్‌లో మొదలైన ‘శక్తిమాన్’కు యోగసాధన, పంచభూతాలు మూలమయ్యాయి. చూశారా? వీరుడు దేశం మారగానే బలానికి కారణం కూడా మారింది. ఏ సమాజం దేన్ని నమ్ముతుందో అక్కడినుంచే అతనికి బలం వస్తుంది.

మీలో కొందరు రేపు కథలు రాస్తారు, బొమ్మలు గీస్తారు, కంప్యూటర్ ఆటలు, యానిమేషన్ చిత్రాలు తయారుచేస్తారు. వారికి ఒక మాట. మన 1957 నాటి కాపీరైటు చట్టంలో 57వ సెక్షన్ ఉంది. హక్కులు ఇతరులకు రాసిచ్చిన తరువాత కూడా ఆ రచన తనదని చెప్పుకునే హక్కు రచయితకు ఉంటుందని అది చెబుతుంది. 2012 సవరణ సినిమా పాటలు రాసేవారికీ స్వరపరిచేవారికీ రాయల్టీలో వాటాను కాపాడింది. ఇలాంటి చట్టాలు ఉట్టినే రాలేదు. సీగెల్, షుస్టర్‌ల లాంటివారు ఎందరో పోగొట్టుకున్న తరువాత వచ్చాయి. కాగితం మీద సంతకం పెట్టేముందు చివరి పంక్తి వరకు చదవండి. తొందరగా ఉందని, మొహమాటంగా ఉందని చదవకుండా పెట్టకండి.

సూపర్‌మ్యాన్ బలం చీమ నుంచి రాలేదు, గురుత్వం నుంచి రాలేదు, సూర్యుడి నుంచి కూడా రాలేదు. ఉద్యోగాలు లేని కాలంలో, ఒక పారిశ్రామిక నగరంలో, ఎవరూ లెక్కచేయని ఇద్దరు కుర్రవాళ్ల మనసులోంచి వచ్చింది. ఆ సంగతి అతని కథల మీద మళ్లీ అచ్చుకావడానికి పాతికేళ్లకు పైగా పట్టింది.

ఆలోచించండి, లెక్కవేయండి

1. 3 సెంటీమీటర్ల మిడతను 1.5 మీటర్ల పొడవుకు పెంచితే దాని బలం, బరువు ఎన్ని రెట్లవుతాయి?

2. సూపర్‌మ్యాన్ బలానికి ఈనాడు కొత్త కారణం చెప్పాలంటే మీరు ఏ శాస్త్రశాఖ నుంచి తీసుకుంటారు? ఆ కారణంలోని లోపాన్ని కూడా మీరే చూపండి.

3. ఎవరూ తీసుకోని కథను అచ్చువేసిన ప్రచురణకర్తకు, దాన్ని సృష్టించిన రచయితకు మధ్య లాభం ఎలా పంచితే న్యాయంగా ఉంటుంది? మీ తరగతిలో చర్చించండి.

4. మీకు తెలిసిన ఒక కథలో కానీ చిత్రంలో కానీ శత్రువు ఎవరో గమనించండి. ఆ కాలపు ప్రజల ఏ భయం అందులో కనిపిస్తోంది?